తేడా లేని తివాచీ

మా ఇల్లు ఏలూరులో. ముందు గదిలో మగ్గం, వెనక గదిలో మేము. మగ్గానికి పైన గోడకి ఒక రేకు బోర్డు ఉండేది. నీలం రంగు మీద తెల్ల అక్షరాలు: "పర్షియా తివాచీకీ ఈ ఇంటి తివాచీకీ తేడా లేదు – దొరగారి మాట." మా నాన్న రాయించారు. మా ఇళ్ళల్లో నాన్నని అబ్బా అంటాం. ఇకమీద అలాగే రాస్తాను.

ఆ మాట రాసిన దొరగారు ఎప్పుడో పోయారు. ఇంగ్లీషులో ఉన్నదాన్ని తెలుగులోకి మార్చింది నేను. ఇరవై ఏళ్ళకి పైగా ఆ బోర్డు అక్కడే ఉంది. అందులో ఉన్నది తప్పని నాకు తెలిసేసరికి అబ్బా తాడేపల్లిగూడెంలో మా ఆపా ఇంట్లో మంచం మీద ఉన్నారు. ఆపా అంటే అక్క. జీవితమంతా ఉన్ని ధూళి పీల్చిన ఊపిరితిత్తులు. ముక్కుకి ఆక్సిజన్ గొట్టం. ఆ మాట తప్పని ఆయనకి చెప్పాలా, చెప్పకుండానే పంపించెయ్యాలా అన్నది ఆ చలికాలమంతా నా ముందున్న ఒకే ఒక్క ప్రశ్న. బాధ కలిగిందని చెప్పలేను. బాధ కలగాల్సిన చోట ఏమీ లేకపోవడం మాత్రం గమనించాను.

నేను పదో తరగతి ఇంగ్లీషులో తప్పాను. మళ్ళీ కట్టలేదు. మగ్గం మీద కూర్చుంటే నా వేళ్ళు ముడి వెయ్యడానికి ఎంత సేపు పట్టేదంటే, అబ్బా రెండు వరసలు పూర్తి చేసి నా వైపు చూసేవారు. "నువ్వు వెళ్ళి చదువుకోరా" అన్నారు ఒకరోజు. తిట్టలేదు. అలా గ్రంథాలయానికి వెళ్ళడం మొదలైంది. మొదటి రెండేళ్ళలో తెలుగు బీరువాలు అయిపోయాయి. అన్నీ చదివానని కాదు, చదవగలిగినవి చదివాను. చరిత్ర, యాత్రలు, నక్షత్రాలు, పాముల మీద ఒక మంచి పుస్తకం. ఆ తరవాత మిగిలింది ఇంగ్లీషు బీరువా. దాని తాళం నా కోసమే వెతికి తీయించారు అప్పటి లైబ్రేరియన్ గారు.

అందులో ఆ పుస్తకం దొరికింది. అట్ట ఊడిపోయింది, మొదటి కాగితాలు చెదలు తినేశాయి. ఒక తెల్ల సైనికాధికారి తన జీవితం తనే రాసుకున్నాడు. మా బోర్డు మీద దొరగారు ఈయనే. ఐర్లండులో ఒక పాదిరీగారి నాలుగో కొడుకు. పద్దెనిమిదేళ్ళకి ఓడెక్కి మద్రాసు సైన్యంలో చేరాడు. జ్వరాలు పడ్డాడు. భాష నేర్పే మున్షీని పెట్టుకుని తెలుగు పరీక్ష పాసయ్యాడు, తరవాత పర్షియన్ కూడా. మన వైపు రోడ్ల కొలతల పని మీద తిరిగాడు. ఆ పర్షియన్ భాష పుణ్యమా అని చివరికి ఇరాన్‌లో ఒక ఎడారి పట్నానికి కాన్సల్‌గా వెళ్ళాడు. కాన్సల్ అంటే పరాయి దేశంలో తన దేశం వాళ్ళ మంచిచెడ్డలు చూసే ఉద్యోగి. వ్యాపారం గొడవలు, ప్రయాణం కాగితాలు, చచ్చిపోయిన వాళ్ళ సామాన్లు ఇంటికి పంపడం. రాయబారి కంటే తక్కువ, గుమాస్తా కంటే ఎక్కువ. ఇది నేను మూడు పుస్తకాల్లో చూసి నిర్ధారించుకున్నాను.

చదవడం అంటే మామూలు చదవడం కాదు. రోజుకి అర పేజీ. పక్కన నిఘంటువు. ప్రతి మాటా కాగితం మీద రాసుకుని, దాని కింద తెలుగు మాట రాసుకుని, ఆ తరవాత వాక్యం కట్టేవాణ్ణి. దొరగారు తెలుగు మాటల్ని తన స్పెల్లింగులో రాసేవారు. అవి అన్నిటికంటే కష్టం. ఒకచోట 'మంచీనీలూ' అని చదువుతూ అది ఎవరో మనిషి పేరనుకున్నాను. పైకి చదివితే, మగ్గం మీద నుంచి అబ్బా, "మంచినీళ్ళు రా, దాహం వేసుంటుంది పాపం" అన్నారు.

కొల్లేరు గురించి నాలుగు పేజీలు ఉన్నాయి. దోనె మీద సరస్సు దాటాడట. దాటడానికి ఒక పూటంతా పట్టిందట. గూడబాతుల్ని తుపాకీతో కొట్టి, మాంసం నీచు వాసనని పారేశాడట. నేను అప్పటికే కైకలూరులో ఐసు ఫ్యాక్టరీలో చేరాను. రోజూ ఏలూరు నుంచి బస్సులో అదే సరస్సు మీదుగా వెళ్ళేవాణ్ణి. రెండు వైపులా చేపల చెరువులు, చెరువుల మధ్య గట్లు, గట్ల మీద మేత బస్తాలు. దొరగారి సరస్సు ఎక్కడ మొదలయ్యేదో కండక్టర్ని అడిగాను ఒకసారి. "మీరు దిగాల్సింది కైకలూరేగా అండీ?" అన్నాడు.

ఫ్యాక్టరీలో నా పని యంత్రం చూసుకోవడం. ఉప్పునీళ్ళ తొట్టిలో డబ్బాలు దింపుతారు. డబ్బాల్లో మంచినీళ్ళు గడ్డ కట్టడానికి ఒక రోజు పడుతుంది. గంటగంటకీ ఉప్పునీళ్ళ చలి ఎంతో, అమ్మోనియా ప్రెషర్ ఎంతో లాగ్‌బుక్కులో రాయాలి. గంటకీ గంటకీ మధ్య ఏమీ ఉండదు. ఆ ఖాళీలోనే దొరగారి జీవితం మూడు పొడుగు నోటుపుస్తకాల్లోకి తెలుగులో దిగింది.

ఏలూరు పేజీ మాత్రం ఐసు ఫ్యాక్టరీకి ముందే అయింది. అది చదివిన రోజు నాకు బాగా గుర్తు. దొరగారు కాలవ పడవ దిగి, తివాచీలు నేసే సందులోకి వెళ్ళారు. ఒక కుంటి ముసలాయన ఇంట్లోకి పిలిచి కూర్చోబెట్టాడు. తమ పెద్దలు పర్షియా నుంచి వచ్చారని చెప్పాడు. మగ్గం మీద నుంచి అప్పుడే దింపిన తివాచీ పరిచి చూపించాడు. దాని గురించి దొరగారు ఒకే ఒక్క వాక్యం రాశారు. అందులో 'పర్షియన్' అన్న మాట ముందు 'ఇండిఫరెంట్' అని ఉంది.

ఆ రోజు నిఘంటువు నా దగ్గర లేదు. ఇంకెవరో తీసుకెళ్ళారు. అయినా ఆ మాటకి నిఘంటువు ఎందుకు అనుకున్నాను. 'డిఫరెంట్' అంటే తేడా. 'ఇన్' అంటే కాదు, లేదు. 'డైరెక్ట్' ఉంది, 'ఇన్‌డైరెక్ట్' ఉంది. 'కంప్లీట్' ఉంది, 'ఇన్‌కంప్లీట్' ఉంది. కాబట్టి ఇండిఫరెంట్ అంటే తేడా లేనిది. పర్షియా తివాచీకి తేడా లేనిది.

ఇంటికి పరుగెత్తాను. నేను పరుగెత్తింది, నాకు గుర్తున్నంతలో, అదే చివరిసారి అనుకుంటాను.

అబ్బా చేతిలో పంజా ఉంది. పంజా అంటే వేసిన వరసని కిందకి కొట్టే ఇనప పళ్ళ పనిముట్టు. అది పక్కన పెట్టి విన్నారు.

"మళ్ళీ చదువు," అన్నారు.

చదివాను.

"ఆ కుంటాయన మా ముత్తాతేరా. మా ఇంట్లో కుంటాయన అనే పిలిచేవారు, పేరు ఎవరికీ తెలీదు."

అప్పుడు ఆపాకి ఇంకా పెళ్ళి కాలేదు. వంట దగ్గర నుంచి, "ఏలూరు మొత్తానికి కుంటివాళ్ళు మన ఇంట్లోనే ఉన్నారా అబ్బా?" అంది.

"తివాచీ నేసే కుంటాయన ఒక్కరే," అన్నారు అబ్బా. "నువ్వు కూర చూసుకో."

ఆయన ట్రంకు పెట్టె తెరిచి ఒక తివాచీ ముక్క తీశారు. రెండు జానల ముక్క. అంచు ఎలకలు కొట్టేశాయి. ఎరుపు మాసిపోయి ఇటుక రంగయింది. ఆ కుంటాయన చేత్తో నేసినదని ఇంట్లో చెప్పుకునేవాళ్ళు. అబ్బా దాన్ని వెనక్కి తిప్పి కాసేపు చూశారు. వేలితో తడిమారు. ఏమీ అనకుండా మడిచి మళ్ళీ పెట్టెలో పెట్టేశారు. ఆ తరవాత కూడా ఏడాదికోసారి అలా తీసి, వెనక్కి తిప్పి చూసి, పెట్టెయ్యడం చూశాను. గొప్పగా చూసుకుంటున్నారని అనుకున్నాను.

వారం తిరక్కుండా బోర్డు వచ్చింది. లారీల మీద అక్షరాలు రాసే పెయింటర్ చేత రాయించారు. చుట్టుపక్కల వాళ్ళు వచ్చి చదివి వెళ్ళారు. తివాచీలు చూడ్డానికి వచ్చిన వాళ్ళకి అబ్బా ముందు బోర్డు చూపించి, ఆ తరవాత నన్ను చూపించేవారు. "చదివింది మా వాడు. పదో తరగతి తప్పాడండీ. చూడండి." తప్పడం కూడా ఒక అర్హతలా చెప్పేవారు. ఇంట్లో ఆ మాట ఊతపదం అయిపోయింది. కూర ఎలా ఉందంటే తేడా లేదు. ఒంట్లో ఎలా ఉందంటే తేడా లేదు.

పుస్తకంలో ఇంకో వాక్యం గురించి చెప్పాలి. దొరగారు కాన్సల్‌గా ఉన్న ఊళ్ళో ఆయన భార్య పోయింది. దాని గురించి ఆయన రాసింది అర వాక్యం. ఆ ఏడు ఎండలు ముందే వచ్చాయనీ, భార్య పోయిందనీ, ద్రాక్ష పంట దెబ్బతిన్నదనీ ఒకే ఊపులో రాసేసి, మర్నాటి ప్రయాణం ఎన్ని మైళ్ళో చెప్పాడు. నాకప్పుడు ఇరవై రెండేళ్ళు. కోపం వచ్చింది. నోటుపుస్తకం మార్జిన్‌లో 'రాతి మనిషి' అని రాశాను. అబ్బాకి చదివి వినిపిస్తే, "రాసే చెయ్యి వేరు, ఏడ్చే కన్ను వేరు" అని ఊరుకున్నారు.

నాలుగేళ్ళ క్రితం అబ్బాకి ఆయాసం ఎక్కువై మగ్గం ఎక్కడం మానేశారు. నమాజు తివాచీ ఒకటి సగం నేసి ఆగిపోయింది. దాని పడుగు దారాలు బిగించినవి బిగించినట్టే ఉన్నాయి. మా ఆవిడ ఉన్ని పనికి పోదు, నాకు చేతకాదు. పోయినేడు చలి మొదలయ్యేసరికి ఆపా వచ్చి ఆయన్ని తాడేపల్లిగూడెం తీసుకెళ్ళింది. వాళ్ళాయన ఆస్పత్రిలో ఎక్స్‌రే తీసే పని చేస్తాడు. ఆక్సిజన్ ఇంటికి తెప్పించగలడు.

సెలవు రోజున నేను ఏలూరులో పాసింజరు ఎక్కి గూడెం వెళ్ళేవాణ్ణి. నోటుపుస్తకాలు సంచిలో పెట్టుకుని. అబ్బా మొదటి నుంచీ మళ్ళీ చదవమన్నారు. ఓడ, మద్రాసు, జ్వరాలు, మున్షీ.

"ఇదంతా గ్రంథాలయంలో పెట్టాలిరా," అన్నారు ఒకసారి. "నేనుండగానే. నీకు ఆ తాళం తీసిచ్చారు కదా, మనం ఏదైనా తిరిగివ్వాలి."

"చేతిరాత పుస్తకం పెట్టుకుంటారో లేదో అబ్బా."

"పెట్టుకుంటారు. ముందు ఇంగ్లీషు తెలిసిన వాళ్ళకి చూపించు. పదో తరగతి తప్పినవాడు రాశాడని ఎవరూ వంక పెట్టకూడదు."

ఆపా ఇంటికి రెండు వీధుల అవతల ఒక రిటైరైన టీచరమ్మగారు ఉన్నారు. మిషన్ బళ్ళో ముప్ఫై ఏళ్ళు ఇంగ్లీషు చెప్పారు. ఆపా పిల్లలు ఆవిడ దగ్గరే చదువుకున్నారు. నోటుపుస్తకాలూ, ఆ పుస్తకం జెరాక్సూ పట్టుకెళ్ళి ఇచ్చాను. రెండు వారాలు ఉంచుకున్నారు. మళ్ళీ వెళ్ళినప్పుడు వరండాలో కూర్చోబెట్టి టీ ఇచ్చారు.

"చాలా కష్టపడ్డారండీ," అన్నారు. "కొన్నిచోట్ల నాకే తట్టని మాటలు పట్టుకున్నారు."

నేను సంతోషించాను. దాచుకోవడం ఎందుకు, బాగా సంతోషించాను.

"చిన్న చిన్నవి పెన్సిల్‌తో దిద్దానండీ. ఒక్కటి మాత్రం దిద్దలేదు. మిమ్మల్ని అడిగి దిద్దుదామని." ఏలూరు పేజీ తీశారు. "ఈ ఇండిఫరెంట్‌కి తేడా లేనిది అని రాశారు."

"అవునండీ."

"విడదీసి చూశారా?"

"అవునండీ. ఇన్ అంటే లేదు, డిఫరెంట్ అంటే తేడా."

ఆవిడ కళ్ళద్దాలు తీసి ఒళ్ళో పెట్టుకున్నారు. "అలా అయితే బాగానే ఉండునండీ," అన్నారు. ఆ తరవాత లోపలికి వెళ్ళి పెద్ద నిఘంటువు తెచ్చి నా ముందు పెట్టారు. ఆవిడే చెప్పొచ్చు. నన్ను చదువుకోనిచ్చారు. చదువు చెప్పినవాళ్ళ మర్యాద అది.

మొదటి అర్థం: పట్టింపు లేని, ఏమీ అనిపించని. రెండోది: ఎవరి పక్షమూ వహించని. మూడోది: గొప్పగా లేని, నాసి, అంతంత మాత్రం.

"దొరగారి వాక్యంలో మూడోదండీ," అన్నారు టీచరమ్మ. "పర్షియా రకమే గాని అంతంత మాత్రం అని."

టీ తాగేశాను. బాగుందని చెప్పాను.

ఆపా ఇంటికి వెళ్ళేటప్పటికి అబ్బా లేచి కూర్చుని ఉన్నారు. "ఏమన్నారు?" అని అడిగారు.

"బాగుందన్నారు. చిన్న చిన్న దిద్దుబాట్లు ఉన్నాయి."

"ఏలూరు పేజీ?"

"అదింకా చూడలేదు," అన్నాను.

అబద్ధం చెప్తున్నప్పుడు ఏదో ఒకటి అనిపిస్తుందని చదివాను. గొంతు ఎండిపోతుందని, చేతులకి చెమట పడుతుందని. నాకు ఏమీ కాలేదు. రైల్లో తిరిగొస్తూ కిటికీ పక్కన కూర్చున్నాను. బాదంపూడి వచ్చింది, ఉంగుటూరు వచ్చింది, చేబ్రోలు వచ్చింది. నిఘంటువులో మొదటి అర్థం గుర్తొచ్చింది: ఏమీ అనిపించని. ఇన్నేళ్ళూ నా దగ్గర ఉన్న మాటేగాని దాని అర్థం వాడుకోవడం ఇదే మొదటిసారి.

ఆపాకి ఫోన్‌లో చెప్పాను.

"అయితే ఏమైందిరా తమ్ముడూ," అంది. "ఆయనకి ఉన్న సంతోషం అదొక్కటే. నువ్వు పండితుడివి అయినందుకు అదీ తీసేస్తావా?"

"గ్రంథాలయానికి ఇమ్మంటున్నారు. తప్పుతో ఎలా ఇవ్వను?"

"ఇవ్వకు. ఆయన పోయాక దిద్దుకుని ఇవ్వు. నీ మాట నిలబడాలి గాని, ఆయన ప్రాణం ఏమైనా ఫరవాలేదా?"

నా కోసమే చెప్పాలనుకుంటున్నానా అని నన్ను నేను అడిగాను. సరిగ్గా తేల్చుకోలేకపోయాను. మూడు వారాలు గూడెం వెళ్ళి, నోటుపుస్తకం చదివి, ఏలూరు పేజీ రాకముందే ఆపేసి వచ్చాను. నాలుగో వారం అబ్బా బాగా తగ్గిపోయారు. ఒక్కో మాటకీ మధ్య ఊపిరి తీసుకోవాల్సి వస్తోంది. డాక్టరు చూసి వెళ్ళాడు. ఆపా ఆయన వెనకే గుమ్మం దాకా వెళ్ళి, "ఏమన్నా తేడా ఉందాండీ?" అని అడిగింది. "ఏం తేడా లేదమ్మా," అన్నాడు డాక్టరు. మంచం మీద అబ్బా మూతి కొంచెం వంకర పోయింది. నవ్వారు.

"నోటుపుస్తకం తియ్యి," అన్నారు నాతో. "ఏలూరు."

తీశాను. దొరగారు పడవ దిగారు. సందులోకి వచ్చారు. కుంటాయన పిలిచాడు. తివాచీ పరిచాడు. అక్కడ ఆగాను.

"చదువు."

"అబ్బా, నేను తప్పు చదివాను," అన్నాను.

గుమ్మంలో ఆపా కదలకుండా నిలబడింది. నేను నిఘంటువు నుంచి రాసుకున్నది చెప్పాను. మూడు అర్థాలూ వరసగా చెప్పాను, పాఠం అప్పజెప్పినట్టు. మూడో అర్థం రెండుసార్లు చెప్పాను. "అంతంత మాత్రం అని రాశారు అబ్బా. తేడా లేదని కాదు."

ఆయన కళ్ళు మూసుకున్నారు. ఆక్సిజన్ యంత్రం బుడబుడమంటోంది. ఆపా నా వైపు చూసిన చూపు నాకిప్పటికీ గుర్తుంది.

"ఆ ముక్క," అన్నారు అబ్బా కళ్ళు తెరవకుండానే. "పెట్టెలోది."

"అవును అబ్బా."

"ఎన్నిసార్లు చూశాను. వెనక్కి తిప్పితే తెలిసిపోద్ది కదరా." ఊపిరి తీసుకున్నారు. "ముడి వదులు. పేక ఒక్కోచోట రెండేసి పోయింది. తొందర మీద నేశాడు. ఏం తొందరో."

నోటుపుస్తకం మూసేశాను.

"నాకు తెలీదా," అన్నారు. "నేను నేసేవాణ్ణి కదా."

"మరి బోర్డు?" అంది ఆపా.

"తమ్ముడు చదివాడు. దొర రాశాడన్నాడు." మళ్ళీ ఊపిరి. "సరే అనుకున్నాను. సైన్యంలో మనిషి. తివాచీ అంటే ఆయనకేం తెలుసు, చలేస్తే కప్పుకునేది అనుకుని ఉంటాడు. తెలీక మెచ్చుకున్నాడు అనుకున్నా." చాలాసేపు దగ్గారు. ఆపా వీపు రాసింది. దగ్గు ఆగాక ఆయన మొహంలో ఉన్నది నవ్వే. "తెలిసినవాడేనన్నమాట. ఇన్నాళ్ళూ ఆ మనిషిని తక్కువ చేశాను."

"అక్కడ, ఇరాన్‌లో," అన్నారు ఇంకాసేపటికి. "మంచివి చూసుంటాడు. అప్పుడు మనల్ని ఏమన్నా తలుచుకున్నాడా?"

"లేదు అబ్బా. మళ్ళీ ఎక్కడా రాయలేదు."

"ఎందుకు తలుచుకుంటాడు," అన్నారు. "బోర్డు మార్పించు."

"తీసేస్తాను అబ్బా."

"తీసెయ్యమన్లేదు. మార్పించమన్నా. తప్పు ముడి అని తెలిశాక దాని మీద ఇంకో వరస వేస్తామా?"

అది ఆదివారం. బుధవారం పగలు పదకొండింటికి ఫ్యాక్టరీలో ఉండగా ఆపా ఫోన్ చేసింది. "అబ్బా లేరు," అంది. "ఏలూరు తీసుకొచ్చేస్తున్నాం. నువ్వు ఇంటికి రా." సరే అన్నాను. గోడ గడియారం చూశాను. పదకొండింటి రీడింగ్ ఇంకా రాయలేదు. తొట్టి దగ్గరికి వెళ్ళి థర్మామీటరు చూసి, ప్రెషర్ చూసి రాశాను. పక్కవాడికి యంత్రం అప్పజెప్పి బస్టాండుకి వెళ్ళాను. బస్సులో కిటికీ అద్దం ఊడిపోయింది, గాలి కొట్టింది. చెరువుల మీద గూడబాతులు చాలా ఉన్నాయి. ఆ సాయంత్రం నమాజయ్యాక అబ్బాని మట్టిలో పెట్టాం. నేనూ మట్టి వేశాను.

పదిరోజుల తరవాత డ్యూటీకి వెళ్ళినప్పుడు లాగ్‌బుక్కులో ఆ పేజీ తీసి చూశాను. బుధవారం పదకొండు గంటల అంకెలు, కింద నా సంతకం. చేతిరాత చక్కగానే ఉంది. మిగతా గంటల కంటే కొంచెం మెరుగ్గా కూడా ఉంది. ఇంటికొచ్చాక నోటుపుస్తకం మార్జిన్‌లో దొరగారి భార్య దగ్గర నేను రాసిన 'రాతి మనిషి' అన్న మాట కొట్టేశాను. బదులు ఏమీ రాయలేదు.

బోర్డు రాసిన పెయింటర్ ఇంకా ఉన్నాడు. ఫ్లెక్సీలు వచ్చాక పని తగ్గింది. చెయ్యి కొంచెం వణుకుతోంది, బ్రష్ పట్టుకుంటే వణుకు ఆగిపోతుంది. బోర్డు దింపి ఆయన షెడ్డుకి తీసుకెళ్ళాను. కొత్త మాట కాగితం మీద రాసిచ్చాను: "పర్షియా రకమే గాని అంతంత మాత్రం – దొరగారి మాట."

ఆయన చదివి నా మొహం చూశాడు. మళ్ళీ చదివాడు.

"ఏవండీ, ఇది మీ ఇంటి బోర్డేనా?"

"మా ఇంటిదే."

"ఎవరి మీదన్నా కోపంగానీ ఉందా అండీ?"

"లేదండీ. మా నాన్నగారు మార్పించమన్నారు."

"నాన్నగారు మంచివారు," అన్నాడు. "నేను ముప్ఫై ఏళ్ళ నుంచీ బోర్డులు రాస్తున్నానండీ. శ్రేష్ఠమైన అని రాశాను, నాణ్యమైన అని రాశాను, నంబర్ వన్ అని రాశాను. అంతంత మాత్రం అని ఎవరూ రాయించుకోలేదు. పోనీ 'పర్షియా రకం' అని ఊరుకుందామా? అబద్ధం ఉండదు, పరువూ ఉంటుంది."

"మొత్తం రాసెయ్యండి."

"దొరగారి మాట అన్నది ఉంచమంటారా?"

"ఉంచండి. అది నిజమే కదా."

పాత అక్షరాల మీద నీలం రంగు వేశాడు. ఒక పూత సరిపోలేదు, కింద తెల్లగా 'తేడా' కనిపిస్తూనే ఉంది. రెండో పూత వేసి, ఎండలో పెట్టి, ఆ తరవాత కొత్త అక్షరాలు వేశాడు. 'అంతంత' పెద్దగా వచ్చి 'మాత్రం' ఇరుకైపోయింది. ఇంటికి తెచ్చి అదే మేకుకి తగిలించాను. నోటుపుస్తకాలు టీచరమ్మగారి దిద్దుబాట్లతో సహా తిరగరాసి గ్రంథాలయానికి ఇచ్చాను. తీసుకున్నారు. ఏ బీరువాలో పెట్టారో అడగలేదు.

మొన్న ఉదయం ట్రంకు పెట్టె తెరిచాను. తివాచీ ముక్క పైనే ఉంది. గుమ్మం దగ్గర వెలుతురులో వెనక్కి తిప్పి పట్టుకున్నాను. అబ్బా చేసినట్టే వేలితో తడిమాను. ముళ్ళు వరసలు వరసలుగా ఉన్నాయి. పేక ఎక్కడ రెండేసి పోయిందో వెతికాను. ఏది వదులో ఏది బిగువో నాకు తెలియలేదు. ఇంకాసేపు చూశాను. తరవాత మడిచి పెట్టెలో పెట్టి, కైకలూరు బస్సుకి వెళ్ళాను.